వంశవృక్షంలో లేని పేర్లు

పెళ్ళిపందిట్లో ప్రవర చెప్పడం మనమందరం విన్నవాళ్ళమే. ఫలానా గోత్రం, ఫలానావారి మునిమనుమరాలు, ఫలానావారి మనుమరాలు, ఫలానావారి కుమార్తె అని పురోహితుడుగారు గొంతెత్తి చదువుతారు. పెళ్ళికొడుకు వైపూ అంతే. ఇటు మూడు తరాలు, అటు మూడు తరాలు. ఆరు పేర్లూ మగవాళ్ళవే. పెళ్ళికూతురి తల్లి ఆ పక్కనే నీళ్ళచెంబు పట్టుకుని నిలబడి ఉంటుంది. కన్యాదానంలో ధారపొయ్యడానికి ఆవిడ చెయ్యి కావాలి గాని, చదివే పేర్లలో ఆవిడ పేరు రాదు.

సోదరీమణులారా, ఆచారాన్ని తప్పుపట్టడానికి ఈ మాట ఎత్తడం లేదు. మిమ్మల్ని ఒక చిన్న ప్రశ్న అడగడానికి ఎత్తాను. మీ అమ్మగారి అమ్మగారి అమ్మగారి పేరేమిటి? ఆవిడ పుట్టినింటివారి ఇంటిపేరేమిటి? ఆవిడకు చదవడం వచ్చా, రాదా? ఒక్క నిమిషం ఆలోచించి చూడండి. కాకతి రుద్రమదేవి తండ్రి గణపతిదేవుడని మనలో చాలామంది ఠక్కున చెప్పగలం. ఏడువందల ఏళ్ళు దాటిన సంగతి అది. మన ఇంటి సంగతి నూరేళ్ళనాటిది కూడా కాదు. అయినా జవాబు కోసం తడుముకుంటాం.

దీనికి కారణం మన మతిమరుపు ఒక్కటే కాదు. పేర్లు నిలవాలంటే ఎక్కడో ఒకచోట వ్రాసి ఉండాలి. వ్రాత అనగానే పుస్తకాల మాట వస్తుంది. అంచేత ఈవేళ పుస్తకాల సంగతి చెప్పుకుందాం.

కాస్త చదువు అలవాటున్న ఇంట్లో బీరువా తెరిచి చూడండి. మూడు రకాల పుస్తకాలు కనిపిస్తాయి. పై అరలో లావుపాటి పండిత గ్రంథాలు ఉంటాయి. వాటిని దుమ్ము దులిపేటప్పుడే తీస్తాం. మధ్య అరలో స్వీయచరిత్రలు, జీవితచరిత్రలు, ఏ బంధువో తమ వంశాన్ని గురించి అచ్చువేయించి పంచిపెట్టిన పల్చటి పుస్తకాలు ఉంటాయి. చేతికందే అరలో నవలలు, కథలు, వారపత్రికల నుంచి చింపి కుట్టించుకున్న సీరియల్ బైండ్లు ఉంటాయి. మధ్యాహ్నం వంటిల్లు సర్దుకుని నడుం వాల్చేటప్పుడు మన చెయ్యి ఈ మూడో అర మీదికే పోతుంది. ఇందులో చిన్నతనమేమీ లేదు. నవల చదివేవాళ్ళకు చరిత్ర అక్కర్లేదనుకోవడం మాత్రం పొరపాటు. మన ఆడవాళ్ళ చరిత్ర ఈ మూడు అరల్లో ఏ ఒక్కదానిలోనూ పూర్తిగా లేదు. మూడింటినీ పక్కపక్కన పెట్టుకుని చదివితే కొంత దొరుకుతుంది. మిగిలింది ఇంకా అచ్చు కాలేదు. అది మన ఇళ్ళలో పెద్దవాళ్ళ నోళ్ళల్లో ఉంది.

మూడు రకాల పుస్తకాలూ ఒక్క మనిషే వ్రాసిన సందర్భం తెలుగులో ఉంది. ఆయన కందుకూరి వీరేశలింగం పంతులుగారు. 1848లో రాజమండ్రిలో పుట్టారు, 1919లో పోయారు. 1878లో ఆయన తమ వివేకవర్ధని పత్రికలో ‘రాజశేఖర చరిత్రము’ ప్రకటించడం మొదలుపెట్టారు. తెలుగు నవలల్లో మొదటివరసలో చెప్పుకునేది అదే. పాత కవులను గురించి వెతికి, పోగుచేసి ‘ఆంధ్ర కవుల చరిత్రము’ వ్రాశారు. అది పండితుల అర. చివరికి తమ జీవితం తామే ‘స్వీయచరిత్రము’గా వ్రాసుకున్నారు. అది మధ్య అర. నవల, పరిశోధన, ఇంటిచరిత్ర మూడూ ఒక్క కలం నుంచే వచ్చాయన్నమాట.

ఈ మూడింటిలోనూ ఆడవాళ్ళు ఎక్కడెక్కడ కనిపిస్తారో చూద్దాం.

రాజశేఖర చరిత్రానికి ఎత్తుబడి ఇంగ్లీషు రచయిత గోల్డ్‌స్మిత్ నవల నుంచి వచ్చిందని అందరికీ తెలిసినదే. కాని కథ నడిచేది గోదావరి ఒడ్డున, ధవళేశ్వరంలో. బాగా బతికిన కుటుంబం పొగడ్తలు నమ్మి, మూఢనమ్మకాలు నమ్మి, బంగారం చేసిపెడతానన్న బైరాగిని నమ్మి ఎట్లా చితికిపోయిందో అందులో చదువుతాం. ఆ ఇంట్లో ఆడవాళ్ళు ఎట్లా మసిలేవారు, జాతకాలకూ శకునాలకూ ఎట్లా తలవంచేవారు అన్న సంగతులు ఆనాటి ఏ సర్కారు రికార్డులోనూ ఉండవు. కల్పితమైన కథలో అవి ఉన్నాయి.

ఇక స్వీయచరిత్రం. 1881 డిసెంబరు 11న రాజమండ్రిలో పంతులుగారు మొదటి వితంతు వివాహం చేయించారు. పెళ్ళికొడుకు గోగులపాటి శ్రీరాములుగారు. పెళ్ళికూతురు గౌరమ్మ అనే బాలవితంతువు. ఊరంతా కట్టుకట్టింది. వంటవాళ్ళు రామన్నారు, నీళ్ళు మోసేవాళ్ళు మానేశారు. అప్పుడు పంతులుగారి భార్య రాజ్యలక్ష్మమ్మగారు గోదావరికి పోయి తానే నీళ్ళు తెచ్చుకుని, తానే వంట చేసి, పెళ్ళివారికి వడ్డించారు. ఈ సంగతులు మనకు తెలిశాయంటే భర్త తమ చరిత్రలో వ్రాశారు కాబట్టి. ఆ మేరకు మనం ఆయనకు ఋణపడి ఉన్నాం.

అయితే ఒక్క మాట. రాజ్యలక్ష్మమ్మగారి పుట్టింటి పేరు రాజ్యలక్ష్మి కాదు, బాపమ్మ. అత్తవారింటికి వచ్చాక పేరు మార్చారు. మన ముత్తవ్వల్లో ఎంతమందికి ఇట్లా జరిగిందో! పుట్టింటి పేరు ఒకటి, మెట్టినింటి పేరు మరొకటి. వంశవృక్షం గీసేవాళ్ళు తర్వాత వెతుకుదామన్నా ఆ మనిషి దొరకదు. 1910లో రాజ్యలక్ష్మమ్మగారు పోయారు. ఊరు వెలివేసిన రోజుల్లో ఆవిడ మనసులో ఏముందో ఆవిడ మాటల్లో మన దగ్గర ఒక పుస్తకం లేదు. రెండోసారి పెళ్ళిపీటలమీద కూర్చున్న గౌరమ్మ ఏమనుకుందో అంతకంటే లేదు. ఇంటిచరిత్ర ఎంత నిజాయితీగా వ్రాసినా, వ్రాసినవారి కళ్ళకు కనిపించినంతే అందులో ఉంటుంది.

పోనీ పండిత గ్రంథాల్లో ఈ లోటు ఉండదా? ఆంధ్ర కవుల చరిత్రము గొప్ప పుస్తకమే. ఎక్కడెక్కడి తాళపత్రాలో చూసి కవుల కాలాలు నిర్ణయించడం తేలిక పని కాదు. కాని అందులోనే ముద్దుపళని అనే కవయిత్రి గురించి పంతులుగారు చాలా కటువుగా వ్రాశారు. ఆవిడ పద్దెనిమిదో శతాబ్దంలో తంజావూరు ప్రతాపసింహ మహారాజు ఆస్థానంలో ఉండేది. ‘రాధికా సాంత్వనము’ అనే కావ్యం వ్రాసింది. ఆడది అయివుండి శృంగారం అంత బాహాటంగా వ్రాయడమేమిటని పంతులుగారి అభ్యంతరం.

బెంగుళూరు నాగరత్నమ్మగారి పేరు మీరు వినే ఉంటారు. తిరువయ్యారులో త్యాగరాజస్వామి సమాధి దగ్గర గుడి కట్టించిన మహా గాయని. ఆవిడ ఈ కావ్యాన్ని అచ్చుప్రతిలో చదివారు. తర్వాత వ్రాతప్రతి సంపాదించి రెండూ పోల్చి చూసుకున్నారు. చూస్తే అచ్చుప్రతిలో కొన్ని పద్యాలు లేవు. అంతకంటే ముఖ్యం, పీఠిక లేదు. ఆ పీఠికలో ఏముందనుకున్నారు? ముద్దుపళని తన వంశం చెప్పుకున్నది. అందులో తంజనాయకి మొదలైన ఆడవాళ్ళ పేర్లున్నాయి. ఆడవాళ్ళ మీదుగా వచ్చిన వంశవృక్షం ఒకటి తెలుగు కావ్యంలో ఉంటే, అచ్చువేసేటప్పుడు సరిగ్గా అదే రాలిపోయింది.

నాగరత్నమ్మగారు ఊరుకోలేదు. పూర్తి పాఠం సరిచూసి 1910లో వావిళ్ళవారిచేత అచ్చువేయించారు. పంతులుగారి విమర్శకు తమ పీఠికలో మర్యాదగానే జవాబు చెప్పారు. మగకవులు ఇంతకంటే పచ్చిగా వ్రాసినవి మెచ్చుకుంటూ, సిగ్గు అనేది ఆడవాళ్ళకే ఎందుకు అంటగడతారన్నది ఆవిడ ప్రశ్న. మరుసటి ఏడే ప్రభుత్వం ఆ పుస్తకాన్ని నిషేధించింది. ఆ నిషేధం ఎత్తివేయడానికి టంగుటూరి ప్రకాశం పంతులుగారు మద్రాసులో ప్రధానమంత్రిగా ఉన్న 1946-47 రోజులు రావలసివచ్చింది. 1952లో వావిళ్ళవారు దాన్ని మళ్ళీ అచ్చువేశారు.

ఇది విని వీరేశలింగంగారి మీద గౌరవం తగ్గించుకోనక్కర్లేదు. వితంతువుల కోసం వెలిని భరించినవారు ఆయనే, ఒక కవయిత్రిని తోసిపుచ్చినవారూ ఆయనే. పండితుడు కూడా తన కాలంలో, తన ఇంట్లో, తన అలవాట్ల మధ్య కూర్చునే వ్రాస్తాడు. లావుపాటి పుస్తకంలో ఉన్నంతమాత్రాన ప్రతిమాటా తీర్పు కాదు. ఈ ఒక్క సంగతి మనసులో పెట్టుకుంటే పై అర పుస్తకాలంటే భయం పోతుంది.

అన్ని పండిత గ్రంథాలూ మనకు దూరమైనవే అని కూడా అనుకోకండి. సురవరం ప్రతాపరెడ్డిగారి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’ 1949లో వచ్చింది. ఆయన పోయిన తర్వాత, 1955లో, తెలుగులో మొట్టమొదటి కేంద్ర సాహిత్య అకాడమీ బహుమానం దానికే ఇచ్చారు. రాజులెవరు, యుద్ధాలెన్ని అని కాక, జనం ఏం తిన్నారు, ఏం కట్టారు, ఏ నగలు పెట్టుకున్నారు, ఏ ఆటలాడారు, ఏ పండుగలు చేసుకున్నారు అని ఆయన అడిగారు. ఇంతకీ ఆధారాలు ఎక్కడ దొరికాయి? శాసనాలు ఎలాగూ ఉన్నాయి. వాటితోపాటు శుకసప్తతి, హంసవింశతి వంటి కథాకావ్యాలను తిరగేశారు. అంటే ఒకనాటి కాలక్షేపం కథలే ఈనాడు చరిత్రకు సాక్ష్యాలయ్యాయి. కింది అరలో పుస్తకం పై అరకు పనికొచ్చిందన్నమాట. మన సీరియల్ బైండ్లు కూడా రేపు ఎవరికైనా ఇట్లాగే పనికిరావచ్చు. పెళ్ళిచూపుల్లో ఏం పెట్టేవారో, కోడలు ఉద్యోగానికి వెళతానంటే అత్తగారు ఏమనేదో వాటిలో ఉంది గదా!

అయితే కథకూ లెక్కకూ ఉన్న తేడా కూడా తెలుసుకోవాలి. దానికి ‘కన్యాశుల్కం’ కంటే మంచి ఉదాహరణ లేదు. గురజాడ అప్పారావుగారి నాటకం 1892లో విజయనగరంలో ఆడారు. 1897లో అచ్చయింది. బాగా పెంచి మార్చి 1909లో మళ్ళీ వేశారు. మొదటి ముద్రణకు ఆయన ఇంగ్లీషులో పీఠిక వ్రాశారు. విజయనగరం మహారాజావారు విశాఖపట్నం జిల్లాలో బ్రాహ్మణ కుటుంబాల్లో ఆడపిల్లలకు డబ్బు పుచ్చుకుని చేసిన పెళ్ళిళ్ళ జాబితా ఒకటి తయారుచేయించారు. ఆ లెక్కలు ఆ పీఠికలో ఉన్నాయి. మూడేళ్ళకు 1,034 పెళ్ళిళ్ళు. ఐదేళ్ళ పిల్లలు 99 మంది, నాలుగేళ్ళవాళ్ళు 44, మూడేళ్ళవాళ్ళు 36, రెండేళ్ళవాళ్ళు 6, ఏడాది పిల్లలు 3. కలిపి చూడండి: ఐదేళ్ళూ, అంతకు లోపూ ఉన్న పెళ్ళికూతుళ్ళు 188 మంది. ఏడాది పిల్లకు 350 నుంచి 400 రూపాయల దాకా ధర పలికింది. డబ్బు తీసుకున్నామని ఒప్పుకోవడానికి జనం ఇష్టపడరు గనుక ఈ జాబితా పూర్తి కాదని కూడా చెప్పారు.

ఆ అంకెలు వింటే ఒళ్ళు జలదరిస్తుంది. కాని జాబితాలో ఏ పిల్లా ఏడవదు, ఏ తల్లీ అడ్డుపడదు. నాటకంలోకి వస్తే అగ్నిహోత్రావధాన్లు చిన్నకూతురు సుబ్బిని ముసలి లుబ్ధావధాన్లుకు అమ్మజూస్తాడు. పెద్దకూతురు బుచ్చమ్మ అప్పటికే వితంతువై ఇంట్లో ఉంది. తల్లి వెంకమ్మ బతిమాలుతుంది, తిట్లు తింటుంది, చివరికి నూతికి పరుగెత్తుతుంది. ఆ వెయ్యిన్నీ ముప్ఫైనాలుగు ఇళ్ళలో ఎన్నింట్లో ఇట్లాంటి రాత్రులు గడిచాయో ఏ జాబితా చెప్పలేదు. అది కథ చెప్పింది. వెంకమ్మ నిజంగా బతికిన మనిషి కాదు. జాబితాలో ఉన్న పిల్లలు నిజంగా బతికినవాళ్ళే, కాని వాళ్ళకు పేర్లు లేవు. రెండూ పక్కన పెట్టుకుంటేనే మనకు పూర్తిగా అర్థమవుతుంది.

ఇంతవరకూ మగవాళ్ళు వ్రాసినవే చెప్పాను. ఆడవాళ్ళు ఊరుకున్నారా? లేదు. భండారు అచ్చమాంబగారు 1874లో కృష్ణాజిల్లాలో పుట్టారు. చిన్నతనంలోనే పెళ్ళయింది. బడికి పంపినవారు లేరు. తమ్ముడు కొమర్రాజు లక్ష్మణరావుగారు తాను చదువుకుంటూ అక్కగారికీ నేర్పారు. పుట్టిన పిల్లలు చిన్నతనంలోనే పోయారు. ఆ దుఃఖాన్ని దిగమింగుకుని 1901లో ‘అబలా సచ్చరిత్ర రత్నమాల’ అనే పుస్తకం ప్రకటించారు. మన దేశంలోని గొప్ప స్త్రీల చరిత్రలు ఒక స్త్రీ తెలుగులో కూర్చడం అదే మొదలని చెబుతారు. ఆడవాళ్ళు అబలలనీ, బుద్ధి నిలకడ లేనివాళ్ళనీ, చదువు వస్తే చెడిపోతారనీ అనేవాళ్ళకు అది జవాబు. మరుసటి ఏడాది ‘ధనత్రయోదశి’ అని కథ కూడా వ్రాశారు. ఆ 1902లోనే ఓరుగంటి సుందరీ రత్నమాంబగారితో కలిసి బందరులో బృందావన స్త్రీ సమాజం పెట్టారు. 1905లో, చిన్న వయసులోనే, కన్నుమూశారు.

అచ్చమాంబగారు పోయిన ఏడాదికి, 1906లో, ఆ తమ్ముడుగారు మరికొందరు పెద్దలతో కలిసి విజ్ఞాన చంద్రికా మండలి స్థాపించారు. ఆ గ్రంథమాలలో దేశచరిత్రలు, జీవితచరిత్రలు, శాస్త్రగ్రంథాలు, చారిత్రక నవలలు అన్నీ కలిపి అచ్చువేశారు. చిలుకూరి వీరభద్రరావుగారి ‘ఆంధ్రుల చరిత్రము’ వెలువడింది అందులోనే. పండిత గ్రంథం ఒక తరగతివారికి, నవల మరో తరగతివారికి అని వాళ్ళు అడ్డుగీత గీయలేదు. చందా కట్టిన ఇంటికి రెండూ ఒకే కట్టలో చేరేవి.

మరి వ్రాయడం రానివాళ్ళ చరిత్ర సంగతేమిటి? దానికీ ఒక దారి చూపించారు. 1986లో స్త్రీశక్తి సంఘటన అనే మహిళా బృందం ‘మనకు తెలియని మన చరిత్ర’ అనే పుస్తకం తెచ్చింది. తెలంగాణ రైతాంగ పోరాటంలో పాల్గొన్న ఆడవాళ్ళ దగ్గరికి వెళ్ళి, కూర్చుని, టేపురికార్డరు పెట్టి, వాళ్ళు చెప్పింది చెప్పినట్లు అచ్చువేశారు. చాకలి ఐలమ్మగారి మాట అందులో ఉంది. మల్లు స్వరాజ్యంగారి మాట ఉంది. పోరాట చరిత్రలు అంతకుముందూ వచ్చాయి. కాని అజ్ఞాతవాసంలో కన్న బిడ్డను ఎవరి చేతిలో పెట్టారు, పోరాటం ముగిశాక ఇంటికి పొమ్మంటే ఏ ఇంటికి పోయారు అన్నది ఈ ఆడవాళ్ళను అడిగాకనే తెలిసింది.

ఆ పుస్తకంలో మాట్లాడినవారిలో కొండపల్లి కోటేశ్వరమ్మగారు ఒకరు. ఊహ తెలియని వయసులో పెళ్ళి, ఊహ తెలియకముందే వైధవ్యం. తర్వాత మళ్ళీ పెళ్ళి, ఉద్యమం, అజ్ఞాతవాసం, భర్త విడిచిపోవడం, బిడ్డల్ని పోగొట్టుకోవడం. తొంభై దాటాక తమ జీవితం తామే వ్రాసుకున్నారు. 2012లో ‘నిర్జన వారధి’ పేరుతో వచ్చింది. 2018లో ఆవిడ పోయారు. 1881లో రాజమండ్రిలో మళ్ళీ పెళ్ళిపీట ఎక్కిన బాలవితంతువు మాట మన దగ్గర లేదని ఇందాక అనుకున్నాం. అట్లాంటి మరో బాలవితంతువు తన మాట తానే పుస్తకంగా చెప్పడానికి నూటముప్ఫై ఏళ్ళు పట్టింది. ఈ మధ్యలో చెప్పకుండా పోయినవాళ్ళు ఎంతమందో మీరే ఊహించుకోండి.

ఇక మన ఇంటి మాటకు వద్దాం. పెద్ద పుస్తకాలు వ్రాయడం అందరి వల్లా కాదు. నూటయాభై పేజీల నోటుబుక్కు ఒకటి కొనడం అందరి వల్లా అవుతుంది. ఇంట్లో ఎనభై దాటిన పెద్దావిడ ఉంటే, అత్తగారు కానివ్వండి, పెద్దమ్మ కానివ్వండి, మేనత్త కానివ్వండి, ఆవిడ దగ్గర కూర్చుని అడగండి. పదిమందిలో అడగొద్దు. చిక్కుడుకాయలు ఈనెలు తీస్తూనో, వత్తులు చేస్తూనో అడిగితే మాట దానంతట అదే వస్తుంది. పుట్టింటి పేరు, పెళ్ళిలో పెట్టిన పేరు, తల్లి పేరు, అమ్మమ్మ పేరు, వాళ్ళ ఇంటిపేర్లు, ఊళ్ళు. ఎన్నో ఏట పెళ్ళి. కాపరానికి ఎట్లా వెళ్ళారు, బండిమీదా, పడవమీదా, రైల్లోనా. సారెలో ఏమిచ్చారు. అక్షరాలు ఎవరు నేర్పారు, ఎవరు మానిపించారు. ఎందరు పిల్లలు పుట్టారు, ఎందరు దక్కారు. ఈ చివరి ప్రశ్న మెల్లగా అడగాలి. ఆవిడ చెప్పనంటే వదిలెయ్యాలి. చెప్పి, అచ్చులోకి వద్దంటే వద్దు.

‘తేదీలు ఆవిడకు తెలియవండీ’ అంటారు. నిజమే. కాని మన పెద్దవాళ్ళకు సంవత్సరాల పేర్లు తెలుసు. ధాత నామ సంవత్సరంలో పుట్టానంటే అది 1936-37. అరవై ఏళ్ళకొకసారి అదే పేరు తిరిగి వస్తుంది కాబట్టి మనిషి వయసు చూసి ఏ ధాతో తేల్చుకోవచ్చు. అదీ గుర్తులేకపోతే పెద్ద సంఘటన పట్టుకోండి. దివిసీమ ఉప్పెనకు ముందా తర్వాతా అంటే 1977 నవంబరు. రజాకార్ల రోజులంటే 1947, 48. ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డప్పుడంటే 1956 నవంబరు.

ఇట్లా రాసుకున్నది పై అర పుస్తకంతో కలిపితే ఎంత వెలుగు వస్తుందో ఒక ఉదాహరణ చెబుతాను. మీ ఇంట్లో తాతమ్మగారికి శుక్ల నామ సంవత్సరంలో, ఎనిమిదో ఏట, ఉన్నట్టుండి హడావుడిగా పెళ్ళి చేశారని చెప్పుకుంటారనుకోండి. ఎందుకా హడావుడి? ఆవిడకు తెలియదు, చెప్పేవారికీ తెలియదు. శుక్ల అంటే 1929-30. ఆ 1929లోనే శారదా చట్టం వచ్చింది. ఆడపిల్లకు 14, మగపిల్లవాడికి 18 ఏళ్ళు నిండకుండా పెళ్ళి చెయ్యకూడదన్నారు. అది 1930 ఏప్రిల్ 1 నుంచి అమల్లోకి వచ్చింది. ఆలోపలే చేసెయ్యాలని ఊరూరా తొందరపడ్డారు. ఇంటిమాట ఒక్కటే ఉంటే అది వింత. చట్టం ఒక్కటే ఉంటే అది అంకె. రెండూ కలిస్తే ఆ ఎనిమిదేళ్ళ పిల్ల ఎందుకంత తొందరగా అత్తవారింటిదై పోయిందో తెలుస్తుంది.

ఇంట్లో కాగితాలు కూడా ఒకసారి చూడండి. పసుపుకుంకుమల కింద ఆడపిల్లకు పొలం వ్రాసిచ్చిన దస్తావేజు ఉంటే, అందులో ఆవిడ పేరు, తండ్రి పేరు, భర్త పేరు, ఊరు ఉంటాయి. పాత రామాయణం చివరి పేజీలోనో, పంచాంగం అట్టమీదో పిల్లల పుట్టిన తిథులు వ్రాసి ఉంటాయి. నవల మొదటి పేజీలో ఫలానా ఆమెకు ఫలానా ఆమె ఇచ్చిన కానుక అని సంతకం ఉంటుంది. పాత పుస్తకాలు తూకానికి వేసే ముందు ఆ పేజీలు తిరగెయ్యండి. అమ్మేవాళ్ళం మనమే, పోగొట్టుకునేదీ మనమే.

ఇంటిమాటల్లో గొప్పలు కూడా దొర్లుతాయి. మా తాతలు దివాన్లనీ, మా ముత్తాతకు జమీందారు ఏనుగునిచ్చాడనీ అంటారు. వినండి, వ్రాసుకోండి. పక్కన ‘అని చెప్పుకుంటారు’ అని ఒక మాట చేర్చండి. తెలిసినదాన్నీ, విన్నదాన్నీ, ఊహించినదాన్నీ వేరువేరుగా వ్రాయడం పండితుల అర నుంచి నేర్చుకోవాలి. ఎవరు ఎవరికి ఏమవుతారో విడవకుండా పట్టుకోవడం ఇంటిచరిత్ర నుంచి నేర్చుకోవాలి. ఆ మనిషి నవ్వు ఎట్లా ఉండేది, కోపం వస్తే ఏమనేది అన్నది నవలల నుంచి నేర్చుకోవాలి. ఆ మూడో విద్యలో మనకు ఎవరూ సాటిరారు, ఇన్నేళ్ళు చదివింది అవే గదా!

పుస్తకాలు కొనడం కష్టమైతే మీ ఊరి గ్రంథాలయానికి వెళ్ళండి. హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయం 1901 నాటిది. వేటపాలెం సారస్వత నికేతనం 1918 నాటిది. రాజమండ్రిలో గౌతమీ గ్రంథాలయం ఉంది. పాత పుస్తకాలకూ, పాత పత్రికలకూ పేరుపడ్డ చోట్లు ఇవి. ఈసారి నవలతోపాటు ఒక స్వీయచరిత్రో, ఒక సాంఘిక చరిత్రో కూడా తీసుకురండి. మొదట నవలే చదవండి, ఎవరూ ఏమీ అనరు. రెండోది తలగడ పక్కన ఉంచుకోండి.

నోటుబుక్కు మాత్రం రేపటికి వాయిదా వెయ్యకండి. పుస్తకాలు గ్రంథాలయంలో మనకోసం ఆగుతాయి. ఎనభై దాటిన మనిషి ఆగదు. మొదటి పేజీలో మీ అమ్మగారి పేరు, దాని కింద వారి అమ్మగారి పేరు, దాని కింద వారి అమ్మగారి పేరు వ్రాయండి. తెలియని చోట ఖాళీ వదలండి. ఆ ఖాళీ పూరించగలవారు మీ బంధువుల్లో ఇంకా ఎవరున్నారో ఆలోచించి, ఈ ఆదివారం ఒక్కరికైనా ఫోను చెయ్యండి. పేర్లు మీ అమ్మాయి చేత వ్రాయిస్తే మరీ మంచిది. రేపు ఆ పిల్లను ఎవరైనా అడిగితే తడుముకోకుండా చెబుతుంది.